టీ పళ్లెం పట్టిన డిటెక్టివ్

ఓబులమ్మక్కా,

నువ్వు మన కడపలో కన్నుమూసి నేటికి ఏడాది. సౌదీలోని తాయిఫ్‌లో నువ్వు నాకప్పగించిన వంటిల్లు బాగా నడుస్తోంది, దిగులు పడకు.

ఇవాళ మేడమ్, ఆమె కూతురు టీవీలో కొరియా సీరియల్ చూస్తున్నారు. ప్రాణాలు తీసే ఆటలు ఆడించే ముఠాలోకి ఒక డిటెక్టివ్ పనివాడి వేషంలో దూరాడు. పెద్దలకు టీ అందిస్తున్నాడు.

‘‘వీణ్ని ఎవరూ గుర్తుపట్టలేరు’’ అంది కూతురు.

‘‘ఇప్పుడే పట్టేస్తారు’’ అన్నాను నేను. ‘‘టీ ఇస్తూ అందరి మొహాలూ చూస్తున్నాడు మరి! పనివాళ్లు అలా చూడరు.’’ మొదటిరోజే నువ్వు నాకు చెప్పావుగా, ‘‘మొగం సూడొద్దు మే, కప్పు సూడు’’ అని.

రెండు నిమిషాల్లో పట్టుకున్నారు.

మేడమ్ ఆశ్చర్యపోయి, ఈ గుట్టు నీకెవరు చెప్పారని అడిగింది. ఈసారి నేను కప్పు చూడలేదక్కా. ఆమె కళ్లలోకే చూశాను.

‘‘ఓబులమ్మ.’’

‘‘ఆమె ఎవరు?’’

‘‘పేరుకు నోరు తిరగడం లేదని మీరు ఎనిమిదేళ్లు మరియం అని పిలిచిన మనిషి.’’

మేడమ్ నీ పేరు పలికి చూసింది. రెండోసారికే నోరు తిరిగింది.