టీకా అయిపోయిందని రాసినందుకు

తాండూరు, మార్చి 1957

మార్తక్కకు వందనాలు. నేను బాగానే ఉన్నాను.

మీ బొంరాస్‌పేట నుంచి సంతకొచ్చిన బిచ్చయ్య నవ్వుతూ చెప్పాడు: "మీ అక్క జబర్దస్తు మనిషి సారూ. టీకాలోళ్లు ఇంటికొస్తె, ‘మా తమ్ముడు కార్డు రాసిండు, టీకా అయిపోయిందట, పిల్లను ముట్టొద్దు’ అని ఎల్లగొట్టింది." నాకు నవ్వు రాలేదు.

అక్కా, కార్డులో నేను రాసిన టీకా వేరు. సూక్ష్మజీవుల మీద ఒక పాత జర్మన్ పండితుడు రాసిన వ్యాసాలను, చనిపోయే ముందు నీ మరదలు తెలుగు చేసింది కదా. వాటికి నేను రాస్తూ వచ్చిన వివరణను కూడా టీకా అనే అంటారు. పూర్తయింది అదే. నీ దగ్గరున్న నా బిడ్డ రూతు చేతికి టీకా పడనే లేదు. మీ పక్క వాడలో మసూచి ఉందట.

టీకాలవాళ్లు రేపు కొడంగల్‌లో ఉంటారు. ఈ కార్డు బిచ్చయ్య చేతికే ఇస్తున్నాను. పొద్దున్నే బండి కట్టించి పిల్లను తీసుకుపో. బడిలో పరీక్షలు విడిచి రాలేను, ఎల్లుండి వస్తాను.

దాని దగ్గు తగ్గిందా? అది కప్పుకునే వాళ్లమ్మ శాలువా ఎండలో వేశావా?

నీ మరదలు నాకు విడిచిపోయినవి ఆ వ్యాసాలూ, ఆ పిల్లా. ఒకదానికే టీకా అయింది.

ప్రభువు మీ గడపను కాచుగాక.

తమ్ముడు యోబు