హిస్టరీ డిపార్ట్‌మెంటు కుర్చీ

అన్నయ్యా,

ఫోన్లో చెప్పాలంటే భయమేసి రాస్తున్నాను. వదినకు కూడా చెప్పకు.

ఆమధ్య క్లాసులో రోము పాఠం చెబుతూ, అక్కడ రాష్ట్రాలనేలే గవర్నరు ఊరూరా తిరిగి, నడిబజారులో అందరి ముందూ కుర్చీ వేసుకుని జనం గోడు వినేవాడన్నాను. "రాపోతే ఏటి సేసేవోరు మేడమ్?" అన్నాడు నాగవంశీ. "ఖాళీ కుర్చీ వేసి ఎదురుచూసేవాళ్లేమో" అని నవ్వేశాను. అది పుస్తకంలో లేని మాట.

కూర్మన్నపాలెంలో జనం కూడే మైదానంలోకి ఎవరూ రాకుండా అధికారులు చుట్టూ రేకులు కట్టేశారు కదా. ఇప్పుడు పిల్లలు ఆ రేకులకు ఆనించి ఖాళీ కుర్చీ వేశారు. మైదానం ఎందుకు మూశారో అధికారి వచ్చి అందులో కూర్చుని జవాబు చెప్పాలట. ఈ ఐడియా ఎవరిదని పోలీసులు కాలేజీకి వచ్చి అడిగారు. నేను క్లాసుందని లేచి వచ్చేశాను.

నిన్న కుర్చీ తెచ్చేద్దామని వెళ్లాను. చేపలమ్మే సూర్యకాంతమ్మ చెప్పులు విడిచి, ఎవరూ లేని ఆ కుర్చీకి తన బాధ చెప్పుకుంటోంది. నేను ముందుకెళ్లబోతే, "లైన్లో రండమ్మా, అందరం సెప్పుకోడానికే వచ్చినాం" అన్నారెవరో. నిలబడ్డాను. నా వంతు వచ్చాక దానిమీద చెయ్యి వేయలేకపోయాను.

నువ్వు లాయరువి కాబట్టి అడుగుతున్నాను, కేసు పెడితే నా ఉద్యోగం ఉంటుందా? ఆ కుర్చీ మా స్టాఫ్‌రూములోది. పిల్లలు అడిగితే, ఏదో ఫంక్షనుకనుకుని నేనే ఇచ్చాను. వెనకవైపు తెల్ల పెయింటుతో 'హిస్టరీ' అని రాసి ఉంది; అటువైపు రేకులకు ఆని ఉండబట్టి ఇంకా ఎవరూ చూడలేదు.

వచ్చే సోమవారం అధికారి వస్తానన్నాడట. పిల్లలు గెలిచామని గంతులేస్తున్నారు. ఆయన కూర్చోవడానికి ముందు కుర్చీని రేకుల దగ్గర్నుంచి ఇవతలికి జరుపుతారు.

నీ చెల్లెలు