క్యాసెట్ రెండో పక్క

పుత్తూరు,
12-8-1983

శ్రీవారికి మునిరత్నమ్మ నమస్కారాలు. ఇక్కడ అత్తమ్మ, పాప జ్ఞానాంబ, నేను బాగానే ఉన్నాం. అంత దూరాన బండుంగ్‌లో మీరూ చల్లగా ఉండాలని రోజూ మొక్కుకుంటున్నాను.

మీరు పంపిన క్యాసెట్‌లోని ఇండోనేషియా పాటలు ఇంట్లో నచ్చాయా అని అడిగారు. దంగ్‌దుత్ అంటే మన హిందీ పాటలకు చుట్టమేనని, మీ మిల్లు మైదానంలో జనం బొటనవేళ్లు పైకెత్తి ఆడతారని రాశారు కదా, పాప అచ్చం అలాగే ఆడుతోంది. అత్తమ్మ మాత్రం తబలా మోగగానే, "ఇది భజన పాటే! అందురూ చెప్పులిడిసి కూసోండి" అని టేప్ రికార్డరుకు కర్పూరం హారతి ఇచ్చింది. అది ప్రియుడు వదిలేసిన పిల్ల ఏడ్చే పాట అని మీరు రాసిన సంగతి ఆమెకు చెప్పే ధైర్యం నాకు లేదు.

బావిలో నీళ్లు అడుగంటాయి. వేరుశనగ వాడిపోతోంది. అత్తమ్మ విరిగిన చేతికి వేసిన కట్టు విప్పేశారు, చెంబు ఎత్తగలుగుతోంది.

ఇక మీ కోపం సంగతి. "రెండో పక్క చివర నిన్నొక మాట అడిగినాను. తలుపేసుకొని ఒక్కదానివే వినమంటే, ఆ ఊసే ఎత్తవేం? ఇష్టం లేకుంటే లేదని రాయి" అని ఉత్తరంలో రాశారు. తలుపు వేసుకునే కూర్చున్నానండీ. చక్రాలు తిరిగి తిరిగి ఆగేదాకా కూర్చున్నాను.

నాకు వినపడదు. పోయిన కార్తీకంలో విషజ్వరం వచ్చి తగ్గిందని రాశాను, చెవులు పోయాయని రాయలేదు. ఇక రావని తిరుపతిలో పెద్ద డాక్టరు చెప్పేశాడు. ఎముక విరిగితే కట్టేవాళ్లు మన ఊరినిండా ఉన్నారు, దీనికెవరున్నారు? ముందు పంపిన క్యాసెట్ల గురించీ, పైన ఈ పాటల గురించీ నేను రాసినవన్నీ పాప పలక మీద రాసి చూపించిన మాటలే. పరాయి దేశంలో ఒంటరిగా దిగులు పడతారని, అత్తమ్మ చేత, పాప చేత ఒట్టు వేయించుకొని దాచాను.

పాపకు వినిపించి చెప్పమందామంటే, ఒక్కదానివే వినమన్నారు. మొగుడూ పెళ్లాల మాట పసిపిల్ల నోట ఎలా చెప్పించుకోను? అత్తమ్మకు అసలే ఇవ్వలేను. నన్ను అక్కడికి రమ్మన్నారో, లేక ఆ పాటలు పాడేవాళ్లలో ఎవరైనా... అది రాయడానికి చెయ్యి రావడం లేదు. భయంగా ఉంది. ఏదైనా సరే, కాగితం మీద రాయండి. అంతవరకూ ఒప్పుకోనూ లేను, కాదననూ లేను.

నిన్న మళ్లీ చివరిదాకా తిప్పి, టేప్ రికార్డరు మీద అరచెయ్యి పెట్టి చూశాను. లోపల సన్నగా అదిరింది. అది మీ గొంతో, తబలానో నాకు తెలియలేదు.

ఇట్లు,
మీ మాట కోసం కాచుకున్న మీ భార్య,
మునిరత్నమ్మ