ఫ్లెక్సీకెక్కిన చుక్కల గుంపు

రావులపాలెం,
ఆదివారం మధ్యాహ్నం.

ఆశా తల్లీ,

అమ్మ ముద్దులు. ఇక్కడ అందరం కులాసా. నాన్నగారి షుగరు అదుపులోనే ఉంది, అమ్మమ్మ నోరు అదుపులో లేదు, కాబట్టి ఇద్దరూ ఆరోగ్యంగా ఉన్నట్టే లెక్క. మీ అబ్జర్వేటరీ కొండ మీద చలికి పెదాలు పగులుతున్నాయని రాశావు. నెయ్యి రాసుకో. కొబ్బరినూనె అక్కడ రాయిలా గడ్డ కడుతుందని నువ్వే చెప్పావుగా.

ఫోన్ ఉండగా ఉత్తరమేంటని అనుకోకు. మొన్న ఫోన్‌లో ఇద్దరం అరుచుకున్నాక, "అమ్మా, నువ్వు మాట్లాడితే ఉపన్యాసం. రాస్తే కాస్త నయం. ఉత్తరం రాయి" అన్నది నువ్వే. రాస్తున్నాను. ఉపన్యాసం ఉండదని మాత్రం హామీ ఇవ్వలేను.

నీ పని గురించి అమ్మమ్మకి అర్థమయ్యేలా చెప్పమన్నావు. చెప్పాను. ముందు దెబ్బలాటకొచ్చింది.

"చుక్కల గుంపుని కనిపెట్టడం ఏంటే? పిల్లల కోడిని నాకు మా అమ్మ చూపించింది, ఆవిడకి వాళ్లమ్మ. మరి దాన్నెవరు కనిపెట్టారంట?"

మీరు కృత్తికలనేదాన్ని ఆవిడ పిల్లల కోడి అంటుంది. అది కంటికి కనిపించే గుంపు, నీది అలా కనిపించదు అన్నాను. మన కాలవలో గుర్రపుడెక్క ముక్కలుముక్కలుగా కొట్టుకొస్తుంది కదా. అందులో ఏ ముక్కలు ఒకే దుబ్బు నుంచి విడిపోయాయో చూపుతో చెప్పలేం. కానీ కొన్ని ముక్కలు ఎంత ఎడంగా ఉన్నా ఒకే వైపు, ఒకే వేగంతో పోతుంటాయి. నువ్వూ అలాగే, ఉపగ్రహం కొలిచిచ్చిన లక్షల చుక్కల కదలికల్లోంచి, కలిసి నడిచే ఒక గుంపుని పట్టుకున్నావని చెప్పాను. అమ్మమ్మ అంతా విని, "అయితే నా మనవరాలు ఆకాశంలో గుర్రపుడెక్క కనిపెట్టిందన్నమాట" అంది. మీ పరిశోధన పేపర్లో ఇంతకంటే బాగా రాసి ఉంటారా అని నా అనుమానం.

ఇక అసలు సంగతి. ఆ గుంపుని నువ్వు చూపించినప్పుడు మీ గైడు గారు "లెక్క తప్పింది, మళ్లీ చెయ్యి" అన్నారు. మళ్లీ చేశావు, మళ్లీ అదే వచ్చింది. ఇప్పుడు పేపరు తయారైంది. రాసినవాళ్ల పేర్లలో నీ పేరు లేదు. చివర్లో, కంప్యూటరు బాగుచేసిన కుర్రాడి పేరు పక్కన, కృతజ్ఞతల్లో ఉంది. దీనికి సమ్మతమేనని నెలాఖరులోగా సంతకం పెట్టి ఇవ్వమన్నారు. పెట్టనా వద్దా అని అడిగావు.

నాన్నగారి అభిప్రాయం ముందు చెప్పేస్తాను, లేకపోతే దాచానంటారు. మార్కెట్ యార్డు నుంచి వచ్చి, కాళ్లు కడుక్కుని, కూర్చుని మరీ చెప్పారు. "ముందు డాక్టరేటు చేతికి రానీ ప్రసన్నా. తర్వాత ఆ గైడుని తీరుబడిగా తిట్టుకోవచ్చు." అరటిగెలల వేలంలో కూడా ఇదే ఆయన పద్ధతి. సరుకు బండెక్కాక బేరం గురించి బాధపడతారు.

నా అభిప్రాయం వేరు. సంతకం పెట్టొద్దు.

కరోలిన్ హెర్షెల్ గురించి నేను నీకు చెప్పేదేముంది? తోకచుక్కల కోసం ఆకాశం గాలిస్తూ 1783లో కాసియోపియా అనే నక్షత్రమండలంలో ఒక గుంపుని పట్టుకుంది. ఖగోళ శాస్త్రంలో పేరుమోసిన అన్నగారు దాన్ని తన జాబితాలోకి తన నెంబరుతో ఎక్కించుకున్నాడు. చెల్లెలి పేరు పొడి అక్షరాల్లో పక్కన వేశాడు. పెద్దమనసు అంటారు దాన్ని. ఏం పెద్దమనసు? ఆ రెండక్షరాలు వెయ్యకపోయినా అడిగే నాథుడు ఆ రోజుల్లో లేడు, అంతే. అలాగని మగవాళ్లందరికీ న్యాయం జరిగిందనీ అనను. సిసిలీలో హొడియెర్నా అనే పాదిరీ అంతకు నూరేళ్లకు పైగా ముందే ఇలాంటి గుంపుల్ని చూసి పుస్తకం అచ్చువేశాడు. మూడు వందల ఏళ్లు ఆయన్ని తలుచుకున్నవాళ్లు లేరు. ఫ్రాన్సులో మెస్సియర్‌కైతే కావలసింది తోకచుక్కలు. వాటిలా కనిపించి మోసం చేస్తున్నాయని, "ఇవి కావు" అని గుర్తుకోసం ఒక జాబితా రాసుకున్నాడు. వద్దనుకున్నవాటికే ఆయన పేరు అతుక్కుపోయింది. అమ్మమ్మ పిల్లల కోడి కూడా ఇప్పుడు ఆయన లెక్కలో నలభై అయిదోది!

కాబట్టి పేరు దానంతటదే వస్తుందని ఎవరైనా అంటే నమ్మకు. పని మాట్లాడుతుందని కూడా నమ్మకు. పనికి నోరు లేదు. నోరు మనకే ఉంది.

ఇంత రాసినదాన్ని, ఇప్పుడొక మాట చెప్పాలి. జంక్షన్‌లో ఫ్లెక్సీ ఎవరు కట్టించారని అడిగావు. మీ విజయ్ పాల్ మామయ్య. అచ్చయ్యేదాకా ఎవరికీ చెప్పొద్దని నువ్వంటే నేను వాడొక్కడికే చెప్పాను. వాడు ఊరికి చెప్పాడు. తెల్లారేసరికి నేషనల్ హైవే పక్కన ఇంటి గోడంత ఫ్లెక్సీ. "కొత్త నక్షత్రాల గుంపును కనిపెట్టిన మన కోనసీమ ఆడబిడ్డకు అభినందనలు" అని. పైన ఒక నాయకుడు గారు చెయ్యి ఊపుతూ. కింద మామయ్య, నాన్నగారు, మామయ్య స్నేహితులు ఆరుగురు నల్ల కళ్లద్దాలతో. నువ్వు మూలన, చింతగింజంత.

బడికి వెళ్తూ చూసి స్కూటీ ఆపేశాను. "ఏంట్రా ఇది? ఎవరు కనిపెట్టారు? ఆ కళ్లద్దాలవాళ్లా?" అని నడిరోడ్డు మీద మామయ్యని కడిగేశాను. "నీ కూతురి మీద ప్రేమతో కదా అక్కా!" అన్నాడు. ప్రేమే, కాదనను. విప్పమన్నాను. నాయకుడు గారి మనుషులు చేరారు, విప్పేది లేదన్నారు. వాళ్లలో ఒకడు ఫోన్ ఎత్తి పట్టుకుని, నవ్వుతూ అడిగాడు.

"ఇంతకీ మీ అమ్మాయి కనిపెట్టిందాండి, లేదాండి టీచరు గారూ?"

ఆశా, ఆ క్షణంలో నాకు మీ గైడు గారు కళ్లముందు కనిపించారు. ఈ ఫ్లెక్సీ ఆయన దాకా పోతే, నీకు ఆ కృతజ్ఞత కూడా మిగలదనిపించింది. ఎమ్మార్వోకి భయపడలేదు, డీఈవోకి భయపడలేదు, అలాంటిది ముఖం చూడని మనిషికి భయపడ్డాను.

"లేదండి. మా అమ్మాయి ఏమీ కనిపెట్టలేదు. పెద్దవాళ్లు కనిపెట్టారు, ఇది పక్కనుంది, అంతే. విప్పేయండి" అన్నాను.

విప్పేశారు. నా మాటకి విలువుంది ఈ ఊళ్లో. ఆ వీడియో ఇప్పుడు వాట్సాప్‌లో తిరుగుతోంది. మొన్న ఫోన్‌లో నేను అంత గట్టిగా అరిచింది నీ మీద కోపంతో కాదు, ఇది చెప్పలేక. నీ గైడు గారు నిన్ను తీసేయడానికి ఏం రాశారో, సరిగ్గా అదే నేను నా నోటితో అన్నాను. ఆయన కాగితం మీద అంటే నేను రోడ్డు మీద అన్నాను, అదే తేడా.

ఇవాళ గుడిలో ఆరాధన అయ్యాక ప్రకటనల సమయంలో లేచి నిలబడబోయాను, నిజం చెప్పేద్దామని. "మళ్లీ ఏం మాట్లాడతావు అక్కా, కూర్చో!" అని మామయ్య వెనక బెంచీ నుంచి కొంగు పట్టుకు లాగాడు. కూర్చున్నాను. వాడికి జడిసి కాదు. ఒకసారి నిన్ను అడక్కుండా కనిపెట్టావన్నాను, ఇంకోసారి అడక్కుండా లేదన్నాను. మూడోసారి కూడా నిన్ను అడక్కుండానే మాట్లాడితే నాకూ ఆ ఫ్లెక్సీకీ తేడా ఏముంది?

ఫ్లెక్సీ మన మేడ మీదే ఉంది. తిరగేసి వెయ్యమంటే వినకుండా అమ్మమ్మ బొమ్మల మీదే వడియాలు పెట్టింది. నీ మూల మాత్రం ఖాళీగా వదిలేసింది.

సంతకం పెట్టాలో వద్దో నువ్వే తేల్చుకో. నా మాట నీకు తెలుసు. పెట్టకపోతే ఆ వీడియో ఎప్పుడో ఒకప్పుడు నీ ముందుకొస్తుంది, "మీ అమ్మే అంది కదా" అంటారు. అప్పుడు ఈ ఉత్తరం చూపించు. గైడు గారికే కాదు, ఆయన పైవాళ్లకీ చూపించు. జంక్షన్‌లో నేను చెప్పింది అబద్ధం. ఆ గుంపుని మొదట చూసింది నా కూతురు. అది తప్పని ఆయన అన్నప్పుడు రాత్రి ఫోన్ చేసి నువ్వు ఏడ్చావు. నేను విన్నాను. వాళ్లకి కావాలంటే వచ్చి చెబుతాను, ఈసారి నువ్వు రమ్మంటేనే.

కింద నా పేరు పొడి అక్షరాల్లో వెయ్యడం లేదు.

ఇట్లు,
మీ అమ్మ,
ఏసుపాదం గారి కూతురు, ఐజాక్ భార్య, ఆశాజ్యోతి తల్లి
పెనుమాల ప్రసన్నకుమారి