సడివీడు ఎవరికి చెందాలి

నేను, కీర్తిశేషులు వెలగపూడి లక్ష్మీనరసింహారావు గారి పెద్ద కుమార్తె పుష్పవతిని, వయస్సు డెబ్బై ఒకటి, అవివాహితను, నూజివీడు మండలంలోని మా మామిడితోటలో నివాసం. పూర్తి తెలివితో, ఎవరి ఒత్తిడీ లేకుండా, నా తదనంతరం నా ఆస్తి ఎవరికి చేరాలో ఇందులో రాయిస్తున్నాను. నా బుర్ర సరిగానే ఉందని డాక్టరు ఇచ్చిన సర్టిఫికెట్ జతచేశాను. మామూలు మనుషులకు ఇది అక్కర్లేదు. నాకు రవిచంద్ర అనే మేనల్లుడు ఉన్నాడు కాబట్టి కావలసి వచ్చింది.

ఈ దస్తావేజు తయారుచేస్తున్న మైలవరం లాయరు అక్షయ, "వీలునామాలో తిట్లు ఉండకూడదండీ మామ్మగారూ" అంది. తిట్లు తీసేస్తే మిగిలేది సర్వే నంబరే కాబట్టి ఉంచమన్నాను. దీని అమలు బాధ్యత కూడా ఆమెదే.

1. ఆస్తి. మా నాన్నగారు నాకూ, మా చెల్లెలు భారతికీ దానపత్రం ద్వారా ఇచ్చిన నాలుగెకరాల తోట, అందులోని రెండు గదుల ఇల్లు. భారతి తన సగం నాకు రాసి పోయింది.

భారతికి ఐదో ఏట అమ్మవారు పోసి రెండు కళ్ళూ పోయాయి. గది మూల కూర్చుని లేచేది కాదు. ఎనిమిదేళ్ళ నేను దాన్ని తోటలోకి లాక్కొచ్చి, ఇది వేరే దేశమనీ, పేరు సడివీడనీ, ఇక్కడ కళ్ళున్నవాళ్ళు ఎందుకూ పనికిరారనీ చెప్పాను. ఆ దేశం అరవై ఏళ్ళు నడిచింది.

సడివీడులో గడియారాల్లేవు. కోకిల, ఎండుటాకుల చిటపట, చిలకల గోల, అవే మూడు పూటలు. బిడ్డను కన్న తల్లి మొదట విన్న చప్పుడే ఆ బిడ్డ పేరు. అందుకే అక్కడ గలగల అనే రాణి, టపటప అనే మంత్రి ఉండేవారు. తగువు పడ్డ ఇద్దరూ ఒకే చెట్టు కింద కూర్చోవాలి. కాయ రాలిన చప్పుడు ఇద్దరికీ వినబడేదాకా లేవకూడదు. చావు జరిగిన ఇంటి ముందు చెప్పులు చప్పుడయ్యేలా నడవాలి, లోపలివాళ్ళకు తోడుగా. ఈ చట్టాలన్నీ భారతివే. అవి పదిహేడు నోటుపుస్తకాలయ్యాయి. కాయ రాలిన చప్పుడును బట్టి చిన్నరసమో బంగినపల్లో నా చెల్లెలు చెప్పగలిగేది. మా వంశంలో అంతకు మించిన విద్య ఎవరికీ అబ్బలేదు.

2. రవిచంద్ర. వీడు నేలను గజాల్లో తప్ప చూడలేడు. పక్కనున్న తన పొలంతో కలిపి మా తోటను ప్లాట్లు వేస్తానన్నాడు. మేం కుదరదన్నాం. అప్పుడు మా ట్రంకుపెట్టెలోంచి ఆ నోటుపుస్తకాలు ఎత్తుకుపోయి, ముసలివాళ్ళిద్దరూ ఎక్కడా లేని దేశంలో బతుకుతున్నారు, మతి స్థిమితం లేదు, ఆస్తి నాకు అప్పగించండి అని కోర్టుకెక్కాడు.

జడ్జిగారు భారతిని అడిగారు: "ఈ సడివీడు ఎక్కడుందమ్మా?"

"ఎక్కడా లేదండీ. మేం కల్పించుకున్నదే. ఆ ఫ్యాను ఆపిస్తే ఇక్కడ కూడా కాస్త ఉంటుందండీ."

ఆపించారు. భారతి తల వంచి వింది. "కిటికీ బయట చెరుకురసం తీస్తున్నారు. తమరి కుర్చీ కాలు వదులైంది. మా రవి కారు తాళం తిప్పుతున్నాడండీ. చిన్నప్పుడు కూడా అబద్ధం చెప్పేటప్పుడు చేతిలో ఏదో ఒకటి తిప్పేవాడు."

కేసు కొట్టేశారు. పుస్తకాలు తిరిగొచ్చాయి.

మొన్న మార్చిలో భారతికి గుండె నీరసించి, ఇద్దరం విజయవాడ ఆసుపత్రిలో ఉన్నాం. ఆ వారంలో రవిచంద్ర కరెంటు రంపాలు తెప్పించి, పడమటి గట్టు మీద పిందెలతో ఉన్న పదకొండు చిన్నరసం చెట్లు కోయించాడు. అడిగితే "హద్దు పొరపాటు అత్తయ్యా" అన్నాడు. కాబట్టి ఆ పదకొండు మొద్దులూ వాడికే రాసిస్తున్నాను. గడ్డపారతో, స్వహస్తాలతో పెకలించి తీసుకుపోవచ్చు. మిషను తెస్తే ఆ హక్కు రద్దు.

3. రవిచంద్ర భార్య కీర్తిప్రియ. మమ్మల్ని పదిమందిలో "పిచ్చత్తలు" అనేది. అయితే కోర్టు వరండాలో భారతికి, ఎవరూ అడక్కుండానే, కాఫీ చల్లార్చి చేతికందించింది. ఆ ఒక్క కాఫీకి మా ఇత్తడి ఫిల్టరు ఇస్తున్నాను. అనడానికి నోరు తిరిగినన్నిసార్లు ఇవ్వడానికి చేయి కదిలి ఉంటే ఇంకా చాలా దక్కేది.

4. రిటైర్డ్ లెక్చరరు నారాయణరావు గారు. నోటుపుస్తకాలు తన ముందుమాటతో అచ్చువేస్తానన్నారు. ఆ ముందుమాట నూట పది పేజీలు. తోటలో గంటసేపు కూర్చుని నలభై నిమిషాలు ఫోన్‌లో మాట్లాడారు. వారికి ఏమీ లేదు.

5. లేయా. ఇరవై రెండేళ్ళుగా మా తోటలో కాయలు కోయించి, గంపలకెత్తించే మనిషి. నా చేయి వణకడం మొదలయ్యాక భారతి చెబుతుంటే పుస్తకాలు రాసింది కూడా లేయానే.

ఆసుపత్రి నుంచి వచ్చిన సాయంత్రం భారతి వరండాలో చాలాసేపు విని, "అక్కా, పడమటి గాలి చప్పుడు లేదేంటి?" అంది. చెప్పే ధైర్యం లేకపోయింది. "ఈ ఏడు గాలి తక్కువే" అన్నాను. "అవునా, సరేలే" అంది. తొమ్మిదో రోజున పోయింది. ఇంతమందిని చులకనగా చూసే నేను, నా చెల్లెలిని కళ్ళున్నవాళ్ళు మోసం చేసినట్టే మోసం చేశాను.

దినకర్మ అయ్యాక చివరి పుస్తకం తెరిచాను. ఆఖరి పేజీ, లేయా రాత, భారతి మాట:

"ఇవాళ పొద్దున్నే లేయా చేయి పట్టుకుని పడమటి గట్టుకు వెళ్ళాను. పదకొండు మొద్దులూ తడిమాను. నాకు తెలియదని అక్క అనుకుంటోంది. తెలుసని ఎవరూ చెప్పకండి. ఏడుస్తుంది."

లేయా చెప్పలేదు. పేజీ ముందుపెట్టి అడిగినా, "నాకేం తెలీదండీ పెద్దమ్మగారూ" అనే అంది.

తోట, ఇల్లు, పదిహేడు పుస్తకాలు సర్వహక్కులతో లేయాకు చెందాలి. అమ్ముకోవచ్చు, చెట్లు కొట్టించుకోవచ్చు. షరతులేమన్నా రాయాలా అని అక్షయ అడిగింది. ఏమీ వద్దన్నాను.

పై సంగతులు చదివించుకుని విని, సరే అనుకుని చేసిన సంతకం.

తేది: 14 జూలై 2025, నూజివీడు

(సం.) వెలగపూడి పుష్పవతి

సాక్షులు:
1. రాయప్ప, తోట కాపలాదారు
2. మల్లయ్య, మామిడికాయల వ్యాపారి, నూజివీడు