చేప నానేలోపు

ఆదివారం, సాయంత్రం
మా ఇంటి ముందుగది

చిరంజీవి మరదలికి,

బావ ఆశీస్సులు. అక్కడ నువ్వూ, మా తోడల్లుడూ, పిల్లలూ కులాసాగా ఉన్నారని తలుస్తాను. ఇక్కడ మేమిద్దరం క్షేమం. అలా రాయడం మర్యాద కాబట్టి రాశాను గానీ సగమే నమ్ము. మిగతా సగం చెప్పడానికే ఈ ఉత్తరం.

ఫోన్ చేయొచ్చు కదా బావా అంటావు. మా ఇల్లు నీకు తెలియనిదా! వంటగదిలో చెంచా జారితే ముందుగదిలో ఉలిక్కిపడాలి. నేనెంత గుసగుసలాడినా మీ అక్కకి ప్రతి ముక్కా వినిపిస్తుంది. పోయింది వాసనే గానీ చెవులు కాదుగా.

చూశావా, మెల్లగా చెబుదామనుకున్నది రెండు మాటలు రాసేసరికే జారిపోయింది. అవును, మీ అక్కకి వాసనా రుచీ రెండూ పోయాయి. పోయిన నెల ఇద్దరం ఒకేసారి జ్వరంతో మంచమెక్కాం అని రాశాను గుర్తుందా? నీరసం తగ్గింది, దగ్గు తగ్గింది, ఇవి మాత్రం తిరిగి రాలేదు. డాక్టరుకి చూపించాం. రావచ్చు, రాకపోవచ్చు, దీనికి మందు లేదు, ఓపిక పట్టండి అన్నాడు. ఆ మాట చెప్పడానికి అంత చదువు దేనికో అనుకుంటూ ఇంటికొచ్చాం.

వేరెవరికైనా అయితే అదొక ఇబ్బంది, అంతే. మీ అక్క సంగతి నీకు తెలుసు. హోటల్లో చేపల పొయ్యి తనది. పాతికేళ్ళుగా గరిటె నాలుక మీద పెట్టి రుచి చూడగా నేను చూడలేదు. మూత తీసి, ఆవిరి మీద ఒకసారి ముఖం పెట్టి, ఉప్పు ఇంత, పులుపు ఇంత అని చెప్పేసేది. నాలుకకి మొహమాటం ఎక్కువ, ముక్కుకి ఉండదు అనేది. చేపల షాపాయన తనకి ఇన్‌స్పెక్టరు గారని పేరు పెట్టాడు. తను వస్తోందంటే వెనక దాచిన మంచి బుట్ట దానంతటదే ముందుకొచ్చేది.

అలాంటి మనిషి ఇప్పుడు అల్లం ముక్క గిల్లి ముక్కు దగ్గర పెట్టుకుని కిటికీ పక్కన నిలబడుతుంది. గిల్లుతుంది, చూస్తుంది, పెట్టేస్తుంది. కాసేపటికి మళ్ళీ వెళ్ళి అదే ముక్క తీస్తుంది. నేను ఈ గదిలో కూర్చుని అదంతా చూస్తూ ఉంటాను. ఏమని ఓదార్చను? కాలు విరిగితే భుజం ఇస్తాం, జ్వరమొస్తే తడిగుడ్డ వేస్తాం. దీనికి ఏం చేయాలో నాకు తెలియడం లేదు.

మొన్న పొయ్యి మీద పప్పు మాడి బొగ్గయింది. ఇద్దరం ఈ గదిలోనే ఉన్నాం. పొగ కళ్ళల్లో పడ్డాక లేచి పరిగెత్తాం. నేనేదో కళ్ళద్దాలు అరగదీసే పనిలో పరధ్యానంగా ఉన్నానని సర్ది చెప్పాను. మీ అక్క మాత్రం ఆ గిన్నె తోముతూ, తోముతూ, తోమడం ఆపలేదు. కన్నీళ్ళు గిన్నెలో పడుతున్నా నేను చూడనట్టు ఉండిపోయాను.

హోటల్లో ఎవరికీ తెలియదు. తెలిస్తే పొయ్యి దగ్గర నిలబెట్టరని తన భయం. ఇంకా సెలవులోనే ఉంది. ఇంతలో యజమాని కబురు పంపాడు. ఈ మధ్య అందరూ అడుగుతున్న సోయా సాస్ చేప మన దగ్గరా పెడదాం, రెండు వారాలు టైమిస్తాను, ఆ ఆదివారం వచ్చి చేసి చూపించు, బాగుంటే ఆ పొయ్యి నీదే, లేకపోతే కొత్తగా వచ్చినవాళ్ళకి ఇస్తాను అన్నాడట. గోరుచుట్టు మీద రోకటిపోటు అంటే ఇదే.

దాంతో ఈ వారమంతా మా ఇంట్లో చేపే. తనకి రుచి తెలియదు కాబట్టి తన నాలుకా ముక్కూ నేనే. నవ్వకు. టీలో నువ్వు పంచదారకి బదులు ఉప్పు వేసి ఇస్తే, బాగుందమ్మా అని చివరిదాకా తాగిన బావనే. మీ అమ్మగారు కూడా, ఈ అల్లుడికి గడ్డి వండిపెట్టినా బాగుందనే అంటాడు అని మురిసిపోయేవారు. అప్పుడది సుగుణం. ఇప్పుడు మీ అక్క నన్ను కూర్చోబెట్టి పాఠం చెబుతోంది. బాగుంది అనే మాట ఇంట్లో నిషేధం. ఉప్పు ముందు తగిలిందా, తర్వాత తగిలిందా? తీపి గొంతులోకి వచ్చిందా, పెదవి మీదే ఆగిందా? అల్లం కారమా, మిరప కారమా? పరీక్ష హాల్లో కూడా నన్నింత నిలదీయలేదు.

నేనూ నా శాయశక్తులా చెబుతున్నాను. ఒకరోజు ఉప్పు పిసరు తగ్గిందంటాను. మర్నాడు తేనె కాస్త ఎక్కువైందంటాను. ఆమె తల ఊపి కొలత మారుస్తుంది. అప్పుడు తన ముఖంలో పాత వెలుగు ఒక్క క్షణం వస్తుంది చూడు, దాని కోసం ఎన్ని చేపలైనా తినొచ్చు.

ఇవాళ మధ్యాహ్నం చేపలు తెచ్చే పని కూడా నాకే అప్పజెప్పింది. షాపు దాకా వచ్చి వాసన చూడలేక నిలబడితే ఆయన పసిగడతాడని భయం. ఎలా చూడాలో చెప్పి పంపింది. ముల్లు తీసిన ముక్కల్లో కళ్ళు చూద్దామంటే ఉండవు, మొప్పలు ఉండవు, అంతా ముక్కుతోనే తేల్చుకోవాలి, దగ్గరగా పెట్టి చూడండి అంది. అలాగే వెళ్ళాను. పెట్టెలో ఐసు చాలావరకు కరిగి నీళ్ళయింది. ఇన్‌స్పెక్టరు గారు రాలేదా, బతికిపోయాం అని ఆయన నవ్వాడు. నేను ముక్కలు ఎత్తి, మీ అక్కలాగే కళ్ళు మూసుకుని, రెండుసార్లు పీల్చి, సరే కట్టండి అన్నాను. ఆయన నావైపు అదోలా చూసి గబగబా కట్టేశాడు. కళ్ళద్దాలు అరగదీసేవాడికి చేపలేం తెలుసు అనుకున్నాడేమో.

ఇప్పుడు వంటగదిలో ఆ ముక్కలే నానుతున్నాయి. ఈ వంటలో ఉన్న సుఖం ఏమిటంటే పెద్ద హంగామా లేదు. ముక్కల్ని పొడిగుడ్డతో అద్ది తడి తీసేయడం. సోయా సాస్, తురిమిన అల్లం, చితక్కొట్టిన వెల్లుల్లి, కొంచెం తేనె, నిమ్మరసం, ఒక పచ్చిమిరపకాయ, ఆఖర్న నువ్వుల నూనె. కలిపి ముక్కలకి పట్టించి మూత పెట్టేయడమే. అరగంట చాలు, అంతకు మించితే నిమ్మరసానికి చేప విరిగిపోతుందట. ఆ తర్వాత పెనం బాగా కాలాక అటూ ఇటూ తిప్పి, మిగిలిన సాస్ దానిమీదే పోసి చిక్కబడనిచ్చి, పైన ఉల్లికాడలు. అన్నం ఉడికేలోపు కూర సిద్ధం. ఈ అరగంటలోనే నీకీ ఉత్తరం రాస్తున్నాను. మీ అక్క ఉల్లికాడలు తరుగుతోంది. కత్తి చప్పుడు ఆగితే కాగితం దాచేస్తాను.

నీకు తెలియనివ్వద్దని ఒట్టు వేయించుకుంది. చిన్నప్పటి నుంచి నీకు వండిపెట్టింది తను. ఆ పిల్ల నన్ను చూసి జాలిపడితే నేను తట్టుకోలేను, రమ్మనకండి అంది. కాబట్టి నువ్వు రావద్దు. వచ్చే నెల వస్తానన్నావు, అదీ మానుకో. ఉత్తరం చదివి నీలో నువ్వే ఉంచుకో. మరెందుకు రాశావు బావా అంటే, ఎవరికో ఒకరికి చెప్పకపోతే నా వల్ల కావడం లేదమ్మా. అంతే. నేనున్నాను, దగ్గరుండి చూసుకుంటున్నాను, దిగులు పడకు.

జ్వరం తగ్గిన మొదటి పొద్దున్న మీ అక్క కాఫీ గ్లాసు ముఖం దగ్గర పెట్టుకుని చాలాసేపు అలాగే ఉండిపోయింది. తర్వాత నా గ్లాసు వంక చూసి, మీకు తెలుస్తోందా అని అడిగింది. తెలుస్తోంది అన్నాను. అప్పుడు తను నా చెయ్యి పట్టుకుని ఒక్కటే మాట అంది.

"పోనీలెండి. ఇంట్లో ఒక్కరికైనా ఉంది కదా, దాంతో లాక్కొద్దాం."

ఆ మాట మీదే లాక్కొస్తున్నాం. కత్తి చప్పుడు ఆగింది. పెనం పెట్టినట్టుంది. తోడల్లుడు గారికి నమస్కారాలు, పిల్లలకి ముద్దులు.

ఇట్లు,
నీ బావ

తా.క. తిన్నాక రాస్తున్నాను.

చేప చూడ్డానికి ముచ్చటగా వచ్చింది. సాస్ చిక్కబడి ముక్క మీద నిగనిగలాడింది. మీ అక్క నాలుగు ముక్కలు నాకు వేసి, రెండు తను వేసుకుని, నా నోటివైపు చూస్తూ కూర్చుంది. ఉప్పు సరిగ్గా ఉంది, తీపి వెనకాల వచ్చింది, ఇదే ఖాయం చెయ్యి, వచ్చే ఆదివారం ఇదే పెట్టు అన్నాను. తను నవ్వింది. జ్వరం తర్వాత మొదటిసారి కడుపు నిండా తింది.

ఆఖరి ముక్క నోట్లో పెట్టుకుంటుంటే తలుపు కొట్టారు. పైవాటా ఆవిడ. చీరకొంగు ముక్కుకి అడ్డం పెట్టుకుని ఉంది. మీ ఇంట్లో ఎలుకేమైనా చచ్చిందాండీ అని అడిగింది. మధ్యాహ్నం నుంచి మెట్ల మీద కంపు కొడుతోందట, చెత్తబుట్ట అనుకుందట, ఇందాక పొయ్యి వెలిగించాక పైన కూర్చోలేకపోయారట. చెబుతూ చెబుతూ నా చేతిలో కంచం చూసింది. కంచంలో చేప చూసింది. ఇంకేమీ అడగకుండా మెట్లెక్కి వెళ్ళిపోయింది.

నేను వెనక్కి తిరిగాను. మీ అక్క నా వెనకే నిలబడి ఉంది. చేప సంగతి అర్థం చేసుకోవడానికి తనకి ఎంతసేపు పడుతుంది?

"మీక్కూడానా?" అంది.

అవునమ్మా, నాక్కూడా. అదే జ్వరంతో, అదే రోజు. ఆ కాఫీ నాకు వేడినీళ్ళే. ముందు తను అడిగింది, ఆ ముఖం చూసి లేదని చెప్పలేకపోయాను. ఒకసారి తెలుస్తోంది అన్నాక ఇక వెనక్కి ఎలా వస్తాను? కక్కలేను, మింగలేను. వారం రోజులుగా తను నా మాట మీద ఉప్పు తగ్గించింది, పెంచింది. అన్నీ గాలి లెక్కలు.

తిట్టలేదు. తిడితే బాగుండేది. మిగిలిన చేప బయట పారేసి వచ్చింది. పెనం తోమి బోర్లించింది. తర్వాత కొంగుతో చెయ్యి తుడుచుకుంటూ నా ఎదురుగా కూర్చుని, నిజంగా తెలుసుకోవాలని అడిగినట్టే అడిగింది.

"మరి ఉప్పు చాలిందని ఏం చూసి చెప్పారు?"

"నీ మొహం చూసి," అన్నాను.

ఇద్దరం లేచాం. కిటికీ తలుపులన్నీ తీసిపెట్టాం. కంపు పోయిందో ఇంకా ఉందో ఇద్దరికీ తెలియదు. కడుపులో ఎప్పుడు తిప్పుతుందోనని ఎదురుచూస్తున్నాం, ఇంకా ఏమీ కాలేదు. యజమాని చెప్పిన ఆదివారానికి ఇంకా వారం ఉంది.

ఈ కాగితం ఇప్పుడు దాచడం లేదు. మీ అక్క పక్కనే కూర్చుని చదువుతోంది. నువ్వు రావద్దు అని రాసిన చోట వేలు పెట్టి, అది కొట్టేయండి అంది. కొట్టేయను, కొత్తగా రాస్తాను అన్నాను. ఇది తను చెప్పిందే రాస్తున్నాను, ఉత్తరం అందిన రోజే బయల్దేరు. ముందు చేపల షాపుకి వెళదాం. మా ఇద్దరి మధ్యా నిలబడి, ఏది బాగుందో ఏది బాగాలేదో ఉన్నదున్నట్టు చెప్పు.