పొయ్యి పక్క కైలాసం

అవ్వా,

నువ్వు పోయి నేటికి ఏడాది. పెనుకొండ ఇంట్లో పొయ్యి పక్క గోడకు ఒక పాత క్యాలెండర్ ఉండేది. దాని మీద తెల్లటి మంచుకొండ. నువ్వు దాన్ని కైలాసమనుకుని రోజూ కుంకుమ పెట్టేదానివి. నా డిగ్రీ పరీక్షలకు కూడా దానికే మొక్కావు.

నేను పాసై వచ్చిన రోజే బొమ్మ కింద ఇంగ్లీషులో ఉన్నది చదివి నవ్వాను. "ఇది కైలాసం కాదవ్వా. యాడో దక్షిణ ధ్రువం కాడ, దీవిలో ఉండే కొండ. ఆడ మనుషులే ఉండరు" అన్నాను.

నువ్వు కొంగుతో బొమ్మ మీది కుంకుమ తుడిచేశావు. "అట్లయితే ఇన్నాళ్లూ నేను ఎవురికి మొక్కినానే?" అని అడిగావు. నేనింకా నవ్వుతూనే ఉన్నాను. మర్నాటికి గోడకు మేకు ఒక్కటే మిగిలింది.

ఆ దీవి పేరు నేను మరిచిపోలేదు. ఈరోజు హిందూపురంలో నెట్ సెంటర్‌కు వెళ్లి వెతికాను. అదే కొండ తెర మీదికి వచ్చింది. మనవరాలి రిజల్టు కోసం పక్కన కూర్చున్న పెద్దామె తొంగిచూసి, "ఏమ్మా, అది కైలాసమేనా?" అని అడిగింది.

"అవునమ్మా, కైలాసమే" అన్నాను. ఆమె చేతులు జోడించింది.

ఎంత తేలిగ్గా వచ్చిందవ్వా ఆ మాట!